రసాయన ఎరువులు మానేశాక పైరు ఎందుకు పాలిపోతోంది? నేల సారం, సేంద్రియ సాగు గురించి ఒక వివరణ

మీ ప్రశ్న సారాంశం ఇది. రెండేళ్ల క్రితం యూరియా, డీఏపీ పూర్తిగా మానేశారు. ఏటా ఎకరానికి 2 టన్నుల పశువుల ఎరువు వేస్తున్నారు, పంట కాలంలో పదిహేను రోజులకోసారి పేడ, మూత్రం కలిపి పులియబెట్టిన ద్రావణాన్ని నీటితో పారిస్తున్నారు. మట్టి పరీక్షలో సేంద్రియ కర్బనం 0.4 శాతం, ఉదజని సూచిక (ఆమ్ల, క్షార గుణాన్ని చూపే పీహెచ్) 8.1 వచ్చాయి. అయినా ధాన్యపు పైరు పాలిపోయినట్టే ఉంటోంది, దిగుబడి మూడో వంతు పడిపోయింది. రసాయనాలతో చచ్చిపోయిన నేల ఇంకా కోలుకోలేదని, ఓపిక పట్టమని కొందరు అంటున్నారు. సేంద్రియంతో కాదు, మళ్లీ బస్తా విప్పమని మరికొందరు అంటున్నారు. ఎవరి మాట వినాలన్నది మీ సందేహం.

నా అభిప్రాయంలో ఈ రెండు సలహాలూ మీ పొలం లెక్క చూడకుండా చెప్పినవే. మీ వివరాలను బట్టి మీ పైరుకు ఉన్నది ప్రధానంగా నత్రజని కొరత. మీరు ఒక ఎరువును మానేశారు గాని, అది ఇస్తున్న పోషకం ఇకమీదట ఎక్కడి నుంచి రావాలో ఏర్పాటు చేసుకోలేదు. ఓపిక పట్టినంత మాత్రాన ఆ ఏర్పాటు దానంతటదే జరగదు.

లెక్క చూద్దాం. ఎకరానికి 2 టన్నుల గింజ ఇచ్చే ధాన్యపు పంట, గింజలోను గడ్డిలోను కలిపి 35 నుంచి 40 కిలోల నత్రజనిని నేల నుంచి తీసుకుంటుంది. పశువుల ఎరువులో నత్రజని దాదాపు 0.5 శాతం ఉంటుంది కాబట్టి, మీరు వేసిన 2 టన్నులలో ఉన్నది 10 కిలోలు, అందులోనూ మొదటి పంటకు అందేది మూడో వంతుకు అటూ ఇటూగా మాత్రమే. ఇక ద్రావణం విషయం. 10 కిలోల పేడ, 10 లీటర్ల మూత్రం, 2 కిలోల పప్పు పిండి, కొంత బెల్లం కలిపి 200 లీటర్లు చేసిన జీవామృతం వంటి ద్రావణంలో మూత్రం నుంచి 100 గ్రాములు, పిండి నుంచి 70 గ్రాములు, పేడ నుంచి 30 నుంచి 50 గ్రాములు, మొత్తం మీద పావు కిలోకు లోపే నత్రజని ఉంటుంది. ఆరుసార్లు పారించినా కిలోన్నర దాటదు. ఆ ద్రావణాల వల్ల ఏ ప్రయోజనమూ లేదని నేను అనడం లేదు, కానీ వాటిని ఎరువుగా లెక్కలో రాసుకోవడం పొరపాటు. మిగతా నత్రజని అంతా ఇప్పుడు మీ నేలలోని పాత నిల్వ నుంచి వస్తోంది. దిగుబడి మూడో వంతే తగ్గిందంటే ఆ నిల్వ ఇంకా మోస్తోందన్నమాట. ఆ నిల్వను నింపకుండా వాడుకుంటూ పోతే వచ్చే ఏడాది ఇంకా తగ్గుతుంది.

"చచ్చిన నేల" అనే మాట గురించి కొంచెం చెప్పాలి, ఎందుకంటే అది రోగ నిర్ధారణను పక్కదారి పట్టిస్తుంది. ఇంగ్లండులో వ్యవసాయ పరిశోధన క్షేత్రమైన రోథమ్‌స్టెడ్‌లో 1843 నుంచి ఒకే పొలంలో ఏటా గోధుమ వేస్తూ వస్తున్న ప్రయోగం ఉంది. కొన్ని మడులకు ఏమీ వేయరు, కొన్నింటికి హెక్టారుకు ఏటా 35 టన్నుల పశువుల ఎరువు వేస్తారు, కొన్నింటికి కేవలం రసాయన ఎరువులు వేస్తారు. పశువుల ఎరువు పడిన మడిలో సేంద్రియ కర్బనం ఏమీ వేయని మడి కంటే రెండింతలకు పైగా పెరిగింది. అయితే రసాయన ఎరువుల మడి చచ్చిపోలేదు. బలంగా పెరిగిన పైరు ఎక్కువ వేళ్లు, ఎక్కువ మోళ్లు నేలకు వదిలింది కాబట్టి అక్కడి కర్బనం ఏమీ వేయని మడి కంటే కొద్దిగా ఎక్కువగానే ఉంది. అదే క్షేత్రంలో 1856లో మొదలైన మరో ప్రయోగంలో పచ్చిక మడులకు ఏటా అమ్మోనియం సల్ఫేటు వేస్తూ, సున్నం మాత్రం వేయకుండా వదిలేస్తే, ఉదజని సూచిక 4 కంటే కిందికి దిగిపోయి, వానపాములు మాయమై, ఎండిన గడ్డి కుళ్లకుండా నేల మీద చాపలా పేరుకుపోయింది. అంటే రసాయన ఎరువు చేసే హాని నిజమే, కానీ దానికి ఒక్కొక్క చోట ఒక్కొక్క కారణం ఉంటుంది: ఆమ్లత పెరగడం, కర్బనం తిరిగి చేరకపోవడం, సూక్ష్మపోషకాలు తరిగిపోవడం. మీ నేలది 8.1, కాబట్టి ఆమ్లత మీ సమస్య కానే కాదు.

ఈ చర్చ ఎక్కడ మొదలైందో తెలిస్తే రెండు పక్షాల వాదనా సులువుగా అర్థమవుతుంది. మొక్క బతికేది ఖనిజ పోషకాల మీదనే గాని చివికిన ఆకుల మీద కాదని, ఏ పోషకం అన్నిటికంటే కొరతగా ఉందో అదే దిగుబడికి హద్దు గీస్తుందని జర్మన్ రసాయన శాస్త్రవేత్త కార్ల్ స్ప్రెంగెల్ 1820ల చివర్లో చెప్పగా, 1840 నుంచి అదే దేశపు లీబిగ్ దాన్ని ప్రపంచమంతా వినేలా చెప్పాడు. 1909లో మరో జర్మన్ రసాయన శాస్త్రవేత్త హేబర్ గాలిలోని నత్రజనిని అమ్మోనియాగా మార్చి చూపించాడు, 1913లో ఇంజనీరు బాష్ దాన్ని కర్మాగారానికి ఎక్కించాడు. ఇందుకు ఎదురుగా నిలిచిన ఆలోచనలో పెద్ద పేరు ఆంగ్ల వ్యవసాయ శాస్త్రవేత్త ఆల్బర్ట్ హోవర్డ్‌ది. ఆయన 1924 నుంచి 1931 వరకు ఇందోరులో పనిచేస్తూ, పంట వ్యర్థాలను, పేడను, మూత్రం పీల్చిన మట్టిని పొరలుగా పేర్చి, తిరగేస్తూ మూడు నెలల్లో మాగిన ఎరువు చేసే పద్ధతిని రూపొందించాడు. 1940లో నార్త్‌బోర్న్ అనే ఆంగ్లేయుడు ఈ సాగుకు ఇంగ్లీషులో ఇప్పటి పేరు పెట్టినప్పుడు ఆయన ఉద్దేశం ఎరువుల రకం కాదు, పొలమంతా ఒక ప్రాణిలా, అంగాలన్నీ ఒకదానితో ఒకటి ముడిపడి ఉండాలన్నది. మన భాషలో "సేంద్రియ" అన్న మాట కూడా ఇంద్రియాలతో కూడినదనే అర్థం ఇస్తుంది. యూరియా బస్తా స్థానంలో వేప పిండి బస్తా తెచ్చి పెట్టి, మిగతా సాగంతా యథాతథంగా సాగించడం ఈ అర్థంలో సేంద్రియం కాదు. చాలామంది విఫలమయ్యేది సరిగ్గా ఇక్కడే.

ఇప్పుడు మీ 0.4 శాతం గురించి. ఎకరం విస్తీర్ణంలో పై 15 సెంటీమీటర్ల మట్టి సుమారు 900 టన్నులు తూగుతుంది. అందులో కర్బనాన్ని 0.4 నుంచి 0.5 శాతానికి తేవాలంటే 0.9 టన్ను కర్బనం స్థిరంగా నిలిచిపోవాలి. ఏటా 5 టన్నుల పశువుల ఎరువు వేశారనుకుందాం. సగం నీరు పోగా పొడి పదార్థం రెండున్నర టన్నులు, అందులో కర్బనం సుమారు 800 కిలోలు. సూక్ష్మజీవులు దాన్ని తిని ఊపిరిగా వదిలేయగా ఏడాది రెండేళ్లలో మిగిలేది నాలుగో వంతు, అంటే 200 కిలోలు. ఈలోగా నేలలో ముందే ఉన్న కర్బనం కూడా ఏటా కొంత కరిగిపోతూ ఉంటుంది. ఆ కరుగుదలను లెక్కలోంచి తీసేసినా 0.1 శాతం పెరగడానికి నాలుగైదేళ్లు పడుతుంది, వేడి నేలల్లో ఇంకా ఎక్కువ. రెండేళ్లలో కర్బనం రెట్టింపైందని ఎవరైనా చూపితే, నమూనా తీసిన లోతు, చోటు ఒకటేనా అని ముందు అడగండి. పై 5 సెంటీమీటర్ల మట్టి తీసి పరీక్షకు పంపితే ఏ నేలకైనా మంచి అంకెలే వస్తాయి.

అయితే ఈ నెమ్మదితనానికి మరో ముఖం ఉంది. రోథమ్‌స్టెడ్‌లోనే బార్లీ పొలంలో ఒక మడికి 1852 నుంచి 1871 వరకు ఇరవై ఏళ్లు పశువుల ఎరువు వేసి ఆపేశారు. వందేళ్లు గడిచాక చూసినా, ఎన్నడూ ఎరువు పడని పక్క మడి కంటే ఆ మడిలో సేంద్రియ పదార్థం ఎక్కువగానే ఉంది. ఒకసారి మట్టి రేణువులతో ముడిపడిన కర్బనం అంత తేలిగ్గా పోదు. అలా ముడిపడే విషయంలో బయటి నుంచి తెచ్చి వేసినదాని కంటే నేలలోపలే పెరిగి చచ్చిన వేళ్లది పైచేయి. అందువల్ల నేల ఎన్ని నెలలు పచ్చగా ఉంది, ఎంత లోతున వేళ్లు తిరిగాయి అన్నది, ఎన్ని బళ్ల ఎరువు తోలారన్నదానికంటే తక్కువ లెక్క కాదు.

నత్రజని వైపు వస్తే, నేను మొదట్లో చేసిన ఒక తప్పు చెబుతాను. కర్బనం పెంచాలన్న ఆత్రంలో ఎకరానికి 3 టన్నుల చొప్పున ఎండుగడ్డిని దుక్కిలో కలిపి, పది రోజుల్లో విత్తేశాను. మొలక బాగానే వచ్చింది. మూడో వారానికి కింది ఆకులు కొసల నుంచి పసుపు బారాయి, నెల తిరిగేసరికి మడంతా నిమ్మ రంగులోకి వచ్చింది. తెగులేమోనని వెతికి అలసిపోయాను. కారణం ఆకుల్లో లేదు. 3 టన్నుల గడ్డిలో కర్బనం 1,200 కిలోలు, నత్రజని మాత్రం 16 కిలోలు. సూక్ష్మజీవులు ఆ కర్బనంలో మూడింట రెండు వంతులు శక్తి కోసం కాల్చుకొని, మిగిలిన 400 కిలోలతో తమ శరీరం కట్టుకుంటాయి. వాటి శరీరంలో ప్రతి 8 నుంచి 10 పాళ్ల కర్బనానికి ఒక పాలు నత్రజని ఉండాలి కాబట్టి వాటికి 40 నుంచి 50 కిలోల నత్రజని కావాలి. గడ్డిలో లేని 25 నుంచి 35 కిలోలను అవి మట్టిలోంచి, అంటే నా పైరు నోటి దగ్గరి నుంచి లాక్కున్నాయి. ఆ సూక్ష్మజీవులు చచ్చాక నత్రజని తిరిగి వచ్చింది, రెండో నెల చివరికి పైరు మళ్లీ పచ్చబడింది, కానీ అప్పటికి పిలకల దశ దాటిపోయింది. నష్టపోయింది నత్రజనిని కాదు, సమయాన్ని.

అప్పటి నుంచి ఏది నేలలో కలిపినా దాని కర్బన-నత్రజని నిష్పత్తి చూడటం అలవాటైంది. ఎండుగడ్డి 70 నుంచి 80, రంపపు పొట్టు 300కు పైన, మాగిన ఎరువు 15 నుంచి 20, పూత దశలో కోసిన జనుము, జీలుగ వంటి పచ్చిరొట్ట (నేలలో కలియదున్నడానికే పెంచే పైరు) 20కి అటూ ఇటూ. సుమారు 25 కంటే తక్కువ ఉన్నవి నత్రజనిని విడుదల చేస్తాయి, ఎక్కువ ఉన్నవి ముందు పీల్చుకొని తర్వాత ఇస్తాయి. ఎండుగడ్డిని వదలమని కాదు. దాన్ని కలపకుండా నేల మీద కప్పుగా పరచినా, పచ్చిరొట్టతో కలిపి దున్నినా, పంటకు రెండు నెలల ముందే కలిపినా పైరుతో పోటీ రాదు.

ఇక మీకు కావలసిన 25, 30 కిలోల నత్రజనికి అసలు దారి పప్పుజాతి పంటలే. రెండు నెలల్లోపు పెరిగిన మంచి పచ్చిరొట్ట హెక్టారుకు 60 నుంచి 90 కిలోల నత్రజనిని నేలకు చేర్చగలదు. ఎకరానికి ఇది మీ లోటుకు దాదాపు సరిపోతుంది. అంత నత్రజనిని పశువుల ఎరువుతోనే తేవాలంటే ఎకరానికి 5, 6 టన్నులు కావాలి, మొదటి ఏడాది అందేది ఇంకా తక్కువ. మీ ఒక్కరికి దొరికినా, అందరూ అదే దారి పడితే అంత పేడ లోకంలో లేదు. 2021లో శ్రీలంకకు ఎదురైంది ఇదే. ఆ మే నెలలో ప్రభుత్వం రసాయన ఎరువుల దిగుమతిని ఒక్కసారిగా నిషేధించింది. ప్రత్యామ్నాయంగా కావలసిన నత్రజనిని పండించుకోవడానికి రైతులకు ఒక్క పంట కాలమైనా గడువు లేదు. వరి, తేయాకు దెబ్బతిన్నాయి, నవంబరులో నిషేధాన్ని ఎత్తివేశారు. దాన్ని సేంద్రియ సాగు ఓటమిగా చెప్పేవారున్నారు గాని, నా దృష్టిలో అది లెక్క లేకుండా చేసిన మార్పు ఓటమి.

పప్పుజాతి పంట వేయగానే నత్రజని వచ్చేసినట్టు కాదు, దాన్ని తవ్వి చూడాలి. విత్తిన 35, 40 రోజులకు నాలుగైదు మొక్కలను పలుగుతో మట్టితో సహా లేపి, వేళ్లను నీటిలో మెల్లగా ఆడించి కడగండి. వేరు బుడిపెలను గోటితో చీల్చండి. లోపల గులాబీ లేదా మాంసం రంగు కనిపిస్తే గాలిలోని నత్రజనిని పట్టే పని జరుగుతోంది. మన రక్తంలోని హీమోగ్లోబిన్ వంటి పదార్థమే ఆ రంగుకు కారణం, బుడిపెలోని బాక్టీరియాకు ఆక్సిజన్‌ను మితంగా అందించడం దాని పని. తెల్లగా ఉంటే ఇంకా పని మొదలు కాలేదు, ఆకుపచ్చగా మెత్తబడితే పని అయిపోయింది. అసలు బుడిపెలే లేకపోతే విత్తనానికి తగిన రైజోబియం (బుడిపెల్లో నత్రజనిని పట్టే బాక్టీరియా) పట్టించలేదని గాని, భాస్వరం చాలడం లేదని గాని అర్థం. నేలలో ముందే నత్రజని దండిగా ఉన్నా మొక్క బుడిపెలు కట్టే శ్రమ పడదు. మీ నేలలో ఆ భయం లేదు.

భాస్వరం గురించి సేంద్రియ సాగు మిత్రులు సాధారణంగా మాట్లాడరు, అందుకే చెబుతున్నాను. నత్రజనిని గాలి నుంచి తెచ్చుకోవచ్చు, భాస్వరానికి ఆ దారి లేదు. గింజ టన్నుకు సుమారు 3 కిలోల భాస్వరం పొలం దాటి వెళ్లిపోతుంది, మీ విషయంలో ఏటా ఎకరానికి 6 కిలోలు. ఇన్నేళ్లు వేసిన డీఏపీలో పైరు తీసుకోనిది మట్టిలో బిగిసి ఉంటుంది కాబట్టి కొన్నేళ్లు లోటు తెలియదు, మైకోరైజా శిలీంధ్రాలు వేళ్లతో కూడి దాన్ని కొంత బయటికి తీయగలవు. ఆవ, క్యాబేజీ కుటుంబపు మొక్కలు ఈ శిలీంధ్రాలతో పొత్తు పెట్టుకోవని గుర్తుంచుకొని, వాటి తర్వాత మరో పంటను జాగ్రత్తగా ఎంచుకోండి. సేంద్రియంలో అనుమతించిన రాతి భాస్వరం ఆమ్ల నేలల్లోనే కరుగుతుంది. మీ 8.1లో అది చల్లిన రాయి చల్లినట్టే ఉంటుంది. కోళ్ల ఎరువు, ఎముకల పొడి, పశువుల ఎరువు మీకు నయం, కానీ కోళ్ల ఎరువుతోనే నత్రజని మొత్తం పూడ్చాలని చూస్తే భాస్వరం అవసరానికి మించి పేరుకుంటుంది. మూడేళ్లకోసారి మట్టి పరీక్షలో ఈ అంకెను చూసుకుంటే చాలు.

దిగుబడి విషయంలో ఎంత ఆశించవచ్చు అని కూడా అడిగారు. స్విట్జర్లాండులో 1978 నుంచి సేంద్రియ, సాధారణ పద్ధతులను పక్కపక్కన పోలుస్తున్న ప్రయోగంలో 21 ఏళ్ల ఫలితాలను చూస్తే, సేంద్రియ మడుల దిగుబడి సగటున 20 శాతం తక్కువ, ఎరువులు, శక్తి వాడకం 34 నుంచి 53 శాతం తక్కువ, వానపాములు మాత్రం ఎక్కువ. ఆ సేంద్రియ మడులకు పశువుల ఎరువు, పంట మార్పిడి రెండూ ఉన్నాయని మరువకండి. మీ మూడో వంతు నష్టాన్ని ఐదో వంతుకు తేవడం సాధ్యం. పంట మార్పిడి, అంతర పంటలు బాగా కుదిరితే ఆ తేడా ఇంకా తగ్గుతుంది. అసలు తేడాయే ఉండదని ఎవరైనా హామీ ఇస్తే నేనైతే నమ్మను.

పొలమంతా ఒకేసారి మార్చడం మీరు ఇప్పటికే చేసేశారు, కాబట్టి దాని గురించి మాట్లాడి లాభం లేదు. వచ్చే పంటకు ముందు రెండు నెలల ఖాళీ దొరికిన భాగంలో పచ్చిరొట్ట వేయండి, పూత మొదలవగానే కలియదున్ని, తగిన పదునులో పది పదిహేను రోజులు మాగనిచ్చి విత్తండి. ఎక్కువ రోజులు ఖాళీగా ఉంచితే విడుదలైన నత్రజని వాన నీటితో కిందికి జారిపోతుంది. పశువుల ఎరువును బయటి నుంచి కొంటుంటే, రాశి లోపల వేడి 55 డిగ్రీలు దాటి కొన్ని రోజులు నిలిచేలా తిరగేసి మాగబెట్టండి, కలుపు గింజలు, రోగకారకాలు చాలావరకు చస్తాయి. ఆ వేడికి లొంగనివి కొన్ని కలుపు మందులు. పశువులు తిన్న గడ్డి మీద అమినోపైరాలిడ్ వంటి మందు చల్లి ఉంటే అది పేడలోంచి, మాగిన ఎరువులోంచి కూడా బయటపడి పప్పుజాతి మొక్కలను, టమాటాను ముడిచేస్తుంది. కొత్త చోటు నుంచి తెచ్చిన ప్రతిసారీ ఎరువు, మట్టి కలిపి రెండు కుండీల్లో నాలుగు చిక్కుడు గింజలు వేసి మూడు వారాలు చూడండి. ఆకులు గరిటెలా మెలితిరిగితే ఆ లోడు పొలానికి తోలకండి.

చివరగా, నేను నత్రజని కొరత అన్నది మీ మాటల మీద ఆధారపడి చెప్పింది, దాన్ని పైరు దగ్గరే నిర్ధారించుకోండి. ముదురు ఆకులు ముందు పసుపు బారి, లేత ఆకులు ఇంకా పచ్చగా ఉంటే అది నత్రజని. లేత ఆకులే పాలిపోయి ఈనెలు మాత్రం పచ్చగా నిలిస్తే, 8.1 నేలలో అది ఇనుము అందకపోవడం, దానికి పచ్చిరొట్ట వెంటనే మందు కాదు. అప్పటికీ తేలకపోతే పొలం మూలన 5 మీటర్ల పొడవు, 5 మీటర్ల వెడల్పు చోటు గీసి, తడి పెట్టే ముందు అక్కడ మాత్రం 250 గ్రాముల యూరియా చల్లండి. మీ పొలం సేంద్రియ ధ్రువీకరణలో ఉంటే ఈ పని పొలంలో చేయకండి, అదే మట్టిని రెండు తొట్లలో నింపి ఒకదానికి చిటికెడు యూరియా కలిపిన నీరు పోసి చూడండి. పది రోజుల్లో ఆ చోటు మిగతా పొలం కంటే ముదురు ఆకుపచ్చగా మారితే పైన చెప్పిందంతా మీకు వర్తిస్తుంది. రంగు మారకపోతే గంధకం, ఇనుము, జింకు అంకెలతో మళ్లీ రాయండి, అక్కడి నుంచి చూద్దాం.